నోరులేని రోగి, మెడలో గరాటు: ఒక గృహపాఠం

ఈ నెల పాఠంలో రోగి మా ఇంటి కుక్క. పెంపుడు జంతువులు లేని ఇంటివారు పుట తిప్పబోతే ఒక్క నిమిషం ఆగమని మనవి. గృహవైద్యం పేరిట నేను స్వయంగా చేసిన ఒక పొరపాటును ఇందులో చెప్పబోతున్నాను. వంటింటి డబ్బాలలో ఉన్నదంతా మందేనని నమ్మే ప్రతి ఇంటికీ అది పనికివస్తుంది.

బ్రాడీపేటలో మేముండే ఇల్లు పాతది. పై వాటాలో మేము, కింది వాటాలో మిర్చియార్డులో గుమాస్తాగా పనిచేసే ఒక పెద్దమనిషి కుటుంబం. నేను ఉపాధ్యాయ వృత్తి నుండి విరమించిన తరువాత, చిన్ననాటి నుండి అభిమానమైన ఆయుర్వేద గ్రంథాలు చదువుకుంటూ, అడిగినవారికి దగ్గుకో అజీర్తికో తోచిన చిట్కా చెబుతూ కాలం గడుపుతున్నాను. మా జూలీ తెల్లని పమేరియన్ జాతి ఆడకుక్క. 2023 మే నెలలో, రోహిణి కార్తె ఎండలలో, దాని ఎనిమిదవ ఏట జబ్బు చేసింది. తిండి మానివేసింది. నీళ్లు మాత్రం గిన్నెలకు గిన్నెలు తాగింది. పశువైద్యురాలు పరీక్షించి, గర్భాశయంలో చీము చేరిందనీ, ఆలస్యం చేస్తే ప్రాణానికే ముప్పనీ చెప్పి, మరునాడే శస్త్రచికిత్స చేసి గర్భాశయం తొలగించారు. కుట్లు విప్పేవరకు, అంటే పన్నెండు రోజుల పాటు, అది పొట్టను నాకకుండా, కొరకకుండా మెడకు రక్షణ కాలరు వేసి ఉంచమన్నారు.

ఆ కాలరు ఈనాడు చాలామందికి పరిచితమే. మెడ దగ్గర సన్నగా, ముఖం చుట్టూ వెడల్పుగా ఉండే ప్లాస్టిక్ గరాటు. ఇంగ్లండును 1558 నుండి 1603 వరకు పాలించిన మొదటి ఎలిజబెత్ రాణి కాలంలో అక్కడి సంపన్నులు మెడ చుట్టూ గంజిపెట్టిన కుచ్చుల పట్టీలు ధరించేవారు. ఆ పోలికను బట్టి దీనికి ఎలిజబెతన్ కాలరు అని పేరు. మా మనవడికి ఆ చరిత్రతో పని లేదు. “తాతయ్యా, జూలీ మైకులాగా ఉంది” అన్నాడు. మన పల్లెలకు కూడా ఈ ఆలోచన కొత్తది కాదు. కళ్లంలో నూర్పిడి చేసే ఎద్దు గడ్డికి మూతి పెట్టకుండా చిక్కం కట్టడం మనవారు ఎరిగినదే. తేడా ఒక్కటే. చిక్కం పైరును కాపాడుతుంది, ఈ కాలరు గాయాన్ని కాపాడుతుంది.

మూడవనాటి రాత్రి నుండి కరకరమనే శబ్దం వినవచ్చింది. లేచి చూస్తే జూలీ కాలరు అంచును గోడకు ఆనించి, మడిచి, పక్కపళ్లతో నములుతున్నది. తెల్లవారేసరికి అంచున అర్ధచంద్రాకారంలో గాటు పడింది. మా ఆవిడకు వెంటనే వేపాకు గుర్తుకు వచ్చింది. పసిబిడ్డల చేత పాలు మాన్పించడానికి తల్లులు వేపాకు ముద్ద పూసుకోవడం మన ఇళ్లలో తరతరాలుగా ఉన్నదే. ఆ ముద్దనే కాలరు అంచుకు పూశాము. జూలీ ఒకసారి ముక్కు చిట్లించి, తుమ్మి, మళ్లీ నమలసాగింది.

మెట్ల దగ్గర ఈ మాట చెప్పగా విన్న గుమాస్తాగారు నవ్వి, “మాస్టారూ, గుంటూరులో ఉండి వేపాకు వెతుక్కుంటారేమిటండీ? తేజ కాయలు రెండు దంచి పూయండి, జన్మలో మూతి పెట్టదు” అన్నారు. ఆయన మాటలో తప్పు వెతకను, ఆయన అన్నది పరిహాసంగానే. ఆ పరిహాసాన్ని వైద్యంగా మార్చినవాడిని నేను. సాయంత్రం కారం నూనెలో కలిపి, అది జారిపోకుండా చక్కగా అంచు చుట్టూ పూశాను.

పది నిమిషాలు గడవలేదు. జూలీ ఒకసారి కొరికింది, ఆ వెంటనే నోరు తెరిచి కీచుమని అరిచింది. ముందుకాళ్లతో మూతి తుడుచుకోబోతే గరాటు అడ్డుపడింది, ఆ నూనె పాదాలకు అంటింది. ఆ పాదాలతోనే కళ్లు రుద్దుకోవడానికి పెనుగులాడింది. గోడకూ మంచం కోడుకూ తలను బాదుకుంటూ గదంతా తిరిగింది. ముందే గాటు పడిన చోట ప్లాస్టిక్ చీలిపోయి, కాలరు ఒక పక్క తెరుచుకుంది. నేను పట్టుకునేలోగానే అది ఒళ్లు వంచి మంటతో ఉన్న మూతిని పొట్టకు చేర్చి రెండు కుట్లు తెంపింది. నేలమీద రక్తం చూసి మా మనవడు ఏడ్చిన ఏడుపు ఇప్పటికీ నా చెవులలో ఉన్నది.

ఆటోలో ఆసుపత్రికి తీసుకుపోయాము. పశువైద్యురాలు నా కుమార్తె వయసు వారు. జూలీ కళ్లను చాలాసేపు సెలైనుతో కడిగి, రంగుమందు వేసి చూస్తే ఎడమ కంటి నల్లగుడ్డు మీది పొరపై చిన్న పుండు పచ్చగా మెరిసింది. మళ్లీ మత్తు ఇచ్చి, తెగిన చోట కుట్లు వేశారు. అంతా అయ్యాక నన్ను అడిగారు.

“ఏం పూశారు మాస్టారూ?”

చెప్పాను.

“మీ మనవడు కళ్లజోడు తీసి కొరుకుతున్నాడనుకోండి. కళ్లజోడు అంచుకు కారం పూస్తారా?”

నా దగ్గర సమాధానం లేదు. ఆమె అంతటితో ఆగక, జూలీ మెడ దగ్గరి బొచ్చు పాయతీసి చూపారు. కాలరును మెడకు బిగించడానికి కట్టిన గాజుగుడ్డ నీళ్లు తాగినప్పుడల్లా తడిసి, ఆరక, చెవి వెనుక చర్మాన్ని ఎర్రగా ఒరిపివేసింది. బజారులో దొరికిన పరిమాణం చాలుననుకొని ఒక సైజు చిన్నది కొన్నవాడిని నేనే, దాన్ని బిగించినవాడినీ నేనే. మూడు రోజులుగా ఆ కుక్క నమలడం ద్వారా చెబుతున్నది ఆ సంగతే. “మెడ మండుతున్నది, చూడండి” అని అది అంటుంటే, నేను దాని నోరు మూయించడానికి కారం వెతికాను.

గ్రంథం చెప్పింది, నేను మరిచినది

చికిత్సకు నాలుగు పాదాలని చరకసంహిత చెబుతుంది. వైద్యుడు, ఔషధం, పరిచారకుడు, రోగి. ఒక్కొక్కరికి నాలుగేసి గుణాలు ఉండాలంటుంది. రోగికి ఉండవలసిన గుణాలు జ్ఞాపకశక్తి, చెప్పినట్లు నడుచుకోవడం, ధైర్యం, తన బాధను వివరించి చెప్పగలగడం. ఈ శ్లోకం నేను ఎందరికి వివరించానో లెక్కలేదు. ఇంట్లో పడుకున్న రోగికి ఈ నాలుగింటిలో ఒక్కటీ ఉండదని మాత్రం నాకు తట్టలేదు. కుక్క చెప్పినట్లు నడుచుకోలేదు కనుక కాలరు అవసరమైంది. బాధను చెప్పుకోలేదు కనుక దాన్ని కొరుకుతుంది. రోగిలో లేని ఆ రెండు గుణాల బరువూ పరిచారకుడి మీదనే పడుతుంది. తెలిసీ బుద్ధి తప్పి చేసే పనిని చరకుడు ప్రజ్ఞాపరాధం అన్నాడు. నా కారం నూనెకు అంతకంటె తగిన పేరు దొరకదు.

సుశ్రుతసంహిత సూత్రస్థానంలో పందొమ్మిదవ అధ్యాయం పేరు వ్రణితోపాసనీయం. గాయపడినవాడిని ఎలా కనిపెట్టుకొని ఉండాలో చెప్పే అధ్యాయం అది. వ్రణాన్ని ఒరపరాదు, పొడవరాదు, గోకరాదు, పడుకున్నప్పుడు కూడా కాపాడుతూ ఉండాలి అని అందులో ఉన్నది. మెత్తని చామరంతో విసరమంటుంది. ఇష్టులైన మిత్రులు దగ్గర కూర్చుని మంచి కబుర్లతో బాధను మరిపించాలంటుంది. ఈ చివరి మాటను నేను మునుపు మర్యాదకు చెప్పినదనుకొనేవాడిని. దాని విలువ జూలీ దగ్గర తెలిసింది, ముందు చెబుతాను. ఆవాలు, వేపాకు, నెయ్యి, ఉప్పు కలిపి రోజుకు రెండుసార్లు పది రోజులు ధూపం వేయమని కూడా ఆ అధ్యాయం చెబుతుంది. కాలరు వేసుకున్న జంతువు గదిలో మాత్రం ఆ పొగ వేయకూడదు. గరాటులో పొగ నిలిచి కళ్లకు, ఊపిరికి ఇబ్బంది కలిగిస్తుంది.

ఇంకొక మాట. కారం ప్రాచీన ఔషధమనే భ్రమ మనలో చాలామందికి ఉన్నది. సంహితలలో కనిపించే మరిచం మన మిరియమే. మిరపకాయ అమెరికా ఖండపు పంట. పదహారవ శతాబ్దంలో పోర్చుగీసువారి ద్వారా మన దేశం చేరింది. గుంటూరు నేల దాన్ని తన బిడ్డగా పెంచుకున్నదే కాని, చరక సుశ్రుతులు దాన్ని ఎరుగరు. దాని మంటకు మూలమైన కాప్సైసిన్, వేడిని గుర్తించే నాడుల ద్వారాన్నే తట్టి, నిజంగా కాలుతున్నదనే భ్రమ కలిగిస్తుంది. ఆ ద్వారాన్ని 1997లో గుర్తించిన పరిశోధనకు నాయకత్వం వహించిన డేవిడ్ జూలియస్‌కు 2021లో వైద్యశాస్త్ర నోబెల్ బహుమతి పంచి ఇచ్చారు. పక్షుల నాడులకు ఈ మంట తగలదు. అందుకే చిలుక పచ్చిమిరపకాయను హాయిగా తింటుంది. కుక్క, పిల్లి మనవలెనే క్షీరదాలు. మనకు మండినట్లే వాటికీ మండుతుంది, కళ్లు కడుక్కోవడానికి మాత్రం వాటికి చేతులు లేవు.

పొరపాటున ఎవరి ఇంట్లోనైనా ఇలా జరిగితే కళ్లను శుభ్రమైన చల్లని నీటితో గాని, సెలైనుతో గాని పదిహేను నిమిషాలు ధారగా కడుగుతూ ఉండవలెను. సెలైను లేకపోతే అర లీటరు కాచి చల్లార్చిన నీటిలో చదునుగా ముప్పాతిక టీచెంచా ఉప్పు కరిగిస్తే సరిపోతుంది. కంటిలో పాలు, నెయ్యి, ఆముదం వేయరాదు. వెంటనే వైద్యుని దగ్గరకు తీసుకుపోవలెను.

నాకితే మానుతుందా?

“కుక్క తన పుండును తానే నాకి మాన్పుకుంటుంది, కాలరు ఎందుకు?” అని పెద్దలు అంటారు. ఇందులో పిసరంత నిజం లేకపోలేదు. కుక్క లాలాజలం కొన్ని రకాల సూక్ష్మక్రిములను చంపుతుందని 1990లో వెలువడిన ఒక పరిశోధన చూపింది. కాని చర్మపు గాయాలలో చీముకు తరచు కారణమయ్యే స్టెఫైలోకాకస్ మీద దాని ప్రభావం అంతంతమాత్రమే. ఆ నోటిలోనే గాయాన్ని కుళ్లబెట్టే ఇతర క్రిములు కూడా ఉంటాయి. అన్నిటినీ మించి, నాకడం త్వరలోనే కొరకడంగా మారుతుంది. ముందుపళ్లతో దారం అందుకుందంటే ఒక్క గుంజులో కుట్టు ఊడుతుంది. పొట్ట కుట్లు పూర్తిగా విడిపోతే పేగులు బయటికి వచ్చే ప్రమాదం ఉన్నది. పిల్లి నాలుక ఆకురాయివలె ముళ్లతో ఉంటుంది, అది నాకితే లేతచర్మం లేచిపోతుంది. కనుక కాలరు తీసివేయడం మార్గం కాదు.

అలాగని కాలరు సుఖమైనదీ కాదు. సిడ్నీ విశ్వవిద్యాలయ పరిశోధకులు 434 మంది పెంపకందార్లను ప్రశ్నించి 2020లో ప్రకటించిన పరిశీలనలో, కాలరు వేసినప్పుడు తమ జంతువు జీవనసుఖం తగ్గిందని నూటికి 77 మంది చెప్పారు. నీళ్లు తాగడానికి, ఆడుకోవడానికి అది అడ్డమైందని సగానికి మించినవారు అన్నారు. వాటికి అది శిక్షలాగే తోస్తుంది. ఆ శిక్షను తేలిక చేయడమే మన పని.

ఎందుకు కొరుకుతున్నదో వెతకండి

మొదట కొలత చూడవలెను. కాలరు అంచు ముక్కు కొసకంటె రెండు మూడు సెంటీమీటర్లు ముందుకు ఉండవలెను. అంతకు తగ్గితే అంచు పళ్లకు అందుతుంది, నాలుక కుట్లకు అందుతుంది. మెడకూ కాలరుకూ మధ్య మన రెండు వేళ్లు దూరవలెను. వేళ్లు దూరకపోతే ఒరుపు, నాలుగు వేళ్లు దూరితే జారి ఊడుతుంది. పిల్లులలో వదులు కాలరు మరీ ప్రమాదం. తప్పించుకునే యత్నంలో కింది దవడను కాలరులో ఇరికించుకొని ఊపిరాడక కొట్టుకుంటాయి. మెడ దగ్గరి గాజుగుడ్డను రోజూ మార్చి, చర్మాన్ని రోజుకు రెండుసార్లు బొచ్చు పాయతీసి చూడవలెను. మనం కూర్చుని పట్టుకొని ఉండగానే కాలరు తీసి, మెడ తుడిచి ఆరనిచ్చి, మళ్లీ వేయవలెను. “ఒక్క నిమిషమేగా” అని కాలరు తీసి వంటింట్లోకి వెళ్లకూడదు. కుట్టు తెంపడానికి ఆ నిమిషం చాలును.

అంచు గరుకుగా ఉన్నా కొరుకుతుంది. కొన్ని ఇళ్లలో పాత ఎక్స్‌రే ఫిల్ములను చుట్టి కాలరు చేసుకుంటారు. ఆలోచన మంచిదే కాని ఫిల్ము అంచు కత్తివలె ఉంటుంది. దేనితో చేసినా అంచు చుట్టూ మెత్తని నూలుగుడ్డ మడిచి, గుడ్డపట్టీ అంటించి కప్పవలెను. జూలీకి రెండవసారి తెచ్చిన కాలరుకు మా ఆవిడ పాత పంచె పీలిక చుట్టి కుట్టింది. అంచు మందంగా, మెత్తగా ఉండేసరికి పంటికి పట్టు చిక్కలేదు.

మన ప్రాంతంలో ఎండ మరో కారణం. కుక్క మనవలె ఒళ్లంతా చెమట పట్టి చల్లబడదు. నాలుక చాచి రొప్పడమే దానికి చలువ. ముఖం చుట్టూ ప్లాస్టిక్ గోడ ఉంటే గాలి ఆడదు, బొచ్చుకుక్కకైతే ఉక్కిరిబిక్కిరే. చల్లని గచ్చునేల, ఫ్యాను గాలి, గోడకు దూరంగా పడక ఉండవలెను. సుశ్రుతుని చామరానికి ఈనాటి రూపం ఫ్యానే. నీళ్లగిన్నె వెడల్పు కాలరులోపల ఇమిడేంత ఉండి, ఒక ఇటుక మీదనో చిన్న పీట మీదనో ఎత్తుగా పెడితే తాగడం తేలిక. తిన్న తరువాత గరాటు లోపల అంటిన మెతుకులు, పెరుగు తడిగుడ్డతో తుడవకపోతే ఆ వాసనకే అది కాలరును నాకుతూ, నాకుతూ నమలడం నేర్చుకుంటుంది. చీమలు పట్టే సంగతి చెప్పనే అక్కరలేదు.

గాయం నొప్పి, దురద మూడవ కారణం. కుట్ల చుట్టూ ఎర్రదనం, వాపు, వేడి, తడి, దుర్వాసన ఉంటే అది కాలరు సమస్య కాదు, వైద్యునికి చూపవలసిన గాయం. నొప్పి మందు వైద్యుడు రాసినదే వేయవలెను. మన ఇంట్లోని పారాసిటమాల్ ఒక్క మాత్ర పిల్లి ప్రాణం తీయగలదు. ఐబుప్రోఫెన్ కుక్క కడుపులో పుండ్లు పుట్టించి మూత్రపిండాలను దెబ్బతీయగలదు.

నాలుగవది, నాకు అన్నిటికంటె పెద్దదిగా తోచినది, విసుగు. వీధి చివరిదాకా షికారు వెళ్లే జీవిని పన్నెండు రోజులు గది మూలన కూర్చోబెట్టితే అది దేన్నయినా నములుతుంది. నాలుగు నుండి ఏడు నెలల వయసు పిల్లలైతే పళ్లు మారే దురదకు మరింత నములుతాయి. వ్రణితుని దగ్గర మిత్రులు కూర్చుని కబుర్లు చెప్పాలన్న మాట ఇక్కడే పనికివచ్చింది. మా మనవడు రోజూ ఉదయం, సాయంత్రం జూలీ పక్కన కూర్చుని తన తెలుగు వాచకం గట్టిగా చదివేవాడు. ఆ అరగంటలు కరకర శబ్దం వినబడలేదు. వైద్యురాలి సలహాతో మా ఆవిడ ఒక చిట్కా పాటించింది. ఉప్పు, పంచదార కలపని గట్టి పెరుగును లోతు లేని పళ్లెంలో పలుచగా పరిచి, ఫ్రిజ్‌లో గడ్డకట్టించి ముందు పెట్టేది. ఇరవై నిమిషాల పాటు దాని నాలుకకు పని. పెద్దకుక్కకు ఉడికించని పెద్ద క్యారెట్టు ఇస్తే పంటికి పని. ఎముకలు, ఉల్లి, వెల్లుల్లి, ద్రాక్ష, కిస్‌మిస్, చాకొలెట్ ఎన్నడూ ఇవ్వరాదు. పెరుగు అరగని జంతువుకు పెరుగూ వద్దు.

శస్త్రచికిత్స ముందే నిశ్చయమైనదైతే, వారం ముందు నుండే కాలరు అలవాటు చేయవలెను. మొదటిరోజు నేలమీద పెట్టి వాసన చూడనిచ్చి, దానిలోనుండి ఒక ఉడికిన చిలగడదుంప ముక్క తిననివ్వాలి. తరువాత క్షణకాలం తలకు వేసి తీసి, మరునాడు ఐదు నిమిషాలు, ఆపైన గంట. కొరికినప్పుడు కేకలు వేయకూడదు. కొరకడం మానిన క్షణాన మెచ్చుకొని తాయిలం ఇవ్వవలెను. కొరికితే మనం పరుగున వస్తామని తెలిస్తే, మనల్ని పిలవడానికే కొరుకుతుంది.

చేదు మందుల సంగతి

పాఠకులు ఇక్కడ చేదు పూత గురించి తప్పక అడుగుతారు. పశువుల మందుల దుకాణాలలో దొరికే చేదు స్ప్రేలలో కొన్నిటిలో డెనాటోనియం అనే పదార్థం ఉంటుంది. 1958లో స్కాట్లండులో కనుగొన్న ఇది మనకు తెలిసిన చేదులన్నిటిలోకి చేదు. వైద్యుని అడిగి, కాలరు వెలుపలి అంచుకు మాత్రమే కొట్టి, ఆరిన తరువాతనే మెడకు వేయవలెను. కొన్ని కుక్కలు దానికి మానుకుంటాయి, కొన్ని లెక్కచేయవు. వేపాకు రసం కుక్క కాలరు వెలుపలి అంచుకు పలుచగా పూస్తే పెద్ద హాని లేదు గాని, జూలీ విషయంలో చూశారుగా దాని ఫలితం! పిల్లికి వేప వద్దు, వేపనూనె అసలే వద్దు.

పాలు మాన్పించడానికి కొందరు వాడే మూసాంబరం మాత్రం ఏ జంతువుకూ పూయరాదు. కలబంద ఆకు అంచున కారే పసుపుపచ్చని పాలను ఎండించినదే మూసాంబరం. అది తీవ్ర విరేచనకారి. కర్పూరం, నీలగిరి తైలం, అమృతాంజనం వంటి ఘాటు లేపనాలు కూడా కూడవు. టీట్రీ తైలం మంచిదని ఈమధ్య ప్రచారం జరుగుతున్నది. చిక్కదనం తగ్గించని ఆ తైలం వల్ల కుక్కలకు, పిల్లులకు విషప్రభావం కలిగిన 443 సంఘటనలను అమెరికాలో 2002 నుండి 2012 వరకు సేకరించి 2014లో ప్రకటించారు. వణుకు, తూలు, లాలాజలం కారడం ఆ లక్షణాలు.

గాయానికి పసుపు పూయవచ్చునా అని అడిగేవారికి, నేను పసుపు భక్తుడినే అయినా, వద్దనే చెబుతాను. కుట్టు వేసిన గాయం మీద ముద్ద కడితే లోపలి వాపు, చీము కంటికి కనబడవు. నెయ్యి, కొబ్బరినూనె రాస్తే ఆ రుచికి మరింత నాకుతుంది. డెట్టాల్ వంటి ద్రవాలు పిల్లులకు విషతుల్యం. పొడిగా, శుభ్రంగా ఉంచడమే కుట్టు గాయానికి ఉపచారం.

గరాటుకు బదులు

గాయం పొట్ట మీద గాని వీపు మీద గాని ఉంటే, వైద్యుని అనుమతితో నూలు బనియను వాడవచ్చును. ముందుకాళ్లు చేతుల కంతలలోనుండి తీసి, వెనుక అంచును నడుము మీద ముడివేయవలెను. ముడి పొట్ట కిందికి రాకూడదు. బహిర్భూమికి వెళ్లేటప్పుడు వదులు చేసి, తడిస్తే వెంటనే మార్చవలెను. మా జూలీకి పగలు మేము ఎదురుగా ఉన్నంతసేపు మా మనవడి పాత బనియను, రాత్రి పెద్ద సైజు కాలరు. ఇప్పుడు గుడ్డ కాలర్లు, గాలి నింపే ఉంగరం వంటి కాలర్లు కూడా దుకాణాలలో వస్తున్నాయి. అవి పడుకోవడానికి సుఖమే గాని, మూతి పొడుగైన కుక్కకు పాదాలు, తోక అందకుండా ఆపలేవు. గోళ్లు, పళ్లు తగిలితే గాలి కాలరు పగులుతుంది. కుందేళ్లు పెంచేవారు కాలరు విషయంలో మరీ జాగ్రత్తగా ఉండవలెను. తమ మెత్తని రాత్రి పెంటికలను తిరిగి తినడం వాటి జీర్ణక్రియలో భాగం, కాలరు దానికి అడ్డుపడుతుంది.

నమిలిన కాలరు ముక్కలు దొరికితే ఏరి, కాలరుకు ఆనించి లెక్క చూడవలెను. ఒక ముక్క కనబడకపోతే కడుపులోకి పోయిందనే అనుకోవలెను. మాటిమాటికి వాంతి, తిండి మానడం, పొట్ట ఉబ్బి ముట్టనివ్వకపోవడం, మలం రాకపోవడం పేగులో అడ్డుపడినదానికి గుర్తులు. ఆముదం పట్టించడం, ఉప్పునీరు తాగించి వాంతి చేయించడం వంటివి చేయక, అదే పూట ఆసుపత్రికి తీసుకుపోవలెను. మిగిలిన ముక్కలను వెంట తీసుకువెళితే వైద్యులకు సులువు.

జూలీకి రెండవసారి వేసిన కుట్లు జూన్ నెలలో విప్పారు. కంటి పుండు అంతకు ముందే మానింది, చూపు చెడలేదు. ఎడమ కన్ను మాత్రం గాలి తగిలితే కాస్త చెమ్మగిల్లుతుంది. కింది వాటా గుమాస్తాగారు జరిగినది విని చాలా నొచ్చుకొని, కుట్లు విప్పిన రోజున ఒక క్యారెట్ల సంచి తెచ్చి ఇచ్చారు. పంచె పీలిక కుట్టిన ఆ పెద్ద కాలరును సబ్బునీళ్లతో కడిగి, ఎండబెట్టి, అటక మీద దాచాము. మా లైనులో అడిగినవారికి ఇస్తున్నాము. ఇప్పటికి మూడిళ్లకు వెళ్లివచ్చింది. ఇచ్చే ముందు కుక్క మెడ చుట్టుకొలత, ముక్కు పొడవు నేనే టేపుతో కొలిచి చూస్తున్నాను.